కెమెరా ఎక్కడ నిలబడింది: నవ్‌రోజ్ కాంట్రాక్టర్ పని గురించి

నవ్‌రోజ్ కాంట్రాక్టర్ అన్న పేరు తెలుగు పాఠకుల్లో చాలామందికి కొత్తగానే ఉంటుంది. కానీ 1984 నాటి హైదరాబాదు పాత బస్తీని, కర్ఫ్యూలో కూలి పోగొట్టుకున్న ఇళ్లను, ఆనాటి ఊరేగింపులను ఈనాడు మనం తెర మీద చూడగలుగుతున్నామంటే వాటిని చిత్రించినది ఆయన కెమెరాయే. ‘ఇది కథ మాత్రమేనా’ పేరుతో 1983లో మన భాషలో తయారైన స్త్రీవాద చిత్రానికి ఛాయాగ్రాహకుడూ ఆయనే. 2023 జూన్‌లో ఆయన రోడ్డు ప్రమాదంలో మరణించినప్పుడు ఇంగ్లీషులో వచ్చిన సంస్మరణలు ఆయన మోటారుసైకిళ్ల మోజును, జాజ్ సంగీతం మీద ఆయనకున్న పట్టును ప్రేమగా తలచుకున్నాయి. తెలుగులో నా కంటబడిన సంస్మరణ ఒక్కటీ లేదు. అందుకు బాధగానే ఉంది గానీ, అంతకన్నా ఎక్కువగా నన్ను వేధిస్తున్నది, ఇంగ్లీషులో రాసినవారు కూడా ఆయన మంచితనం గురించి రాసినంతగా ఆయన పని గురించి రాయకపోవడం.

డాక్యుమెంటరీల విషయంలో సామాజిక స్పృహ అనే గుణాన్ని మనం మొత్తంగా దర్శకుల ఖాతాలో వేస్తాం. విషయం ఎంచుకున్నది వారు, ప్రశ్నలు అడిగింది వారు, ఎడిటింగ్ గదిలో వాదన కట్టింది వారు. కెమెరామన్ మాత్రం చెప్పిన చోట నిలబడి చెప్పింది తీసిన నిపుణుడు. కథాచిత్రాల్లో ఈ లెక్క కొంతవరకు సరిపోతుందేమో, ఎందుకంటే అక్కడ షాటు ముందే ఖరారవుతుంది, నచ్చకపోతే మళ్లీ తీస్తారు. డాక్యుమెంటరీలో ఘటన జరుగుతున్న క్షణాన దర్శకుడు కెమెరా వెనకాల ఎక్కడో ఉంటాడు, ఒక్కోసారి గది బయట ఉంటాడు. ఎదుటి మనిషి గొంతు పూడుకుపోతున్నప్పుడు ముఖం మీదే నిలవాలా, చేతుల మీదికి దిగాలా, అడుగు ముందుకు వేయాలా, అసలు ఆపేయాలా అన్నది వ్యూఫైండర్‌కు కన్ను ఆనించిన మనిషి అరక్షణంలో తేల్చుకోవలసిన విషయం. చాలా ఏళ్లుగా కెమెరా పట్టి బతుకుతున్నవాణ్ని కనుక నా వాదన సూటిగా చెబుతాను: డాక్యుమెంటరీకి ఉన్న నైతికతలో పెద్ద భాగం ఆ అరక్షణాల్లోనే ఉంటుంది, నవ్‌రోజ్ కాంట్రాక్టర్ జీవితకృషిని మనం ఆ నిర్ణయాల చరిత్రగా చదవాలి.

ఆయన బరోడాలో లలితకళలు, తరవాత పూణే ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో ఛాయాగ్రహణం చదువుకున్నారు. తొలినాళ్లలోనే, 1973లో, మణి కౌల్ దర్శకత్వంలో వచ్చిన ‘దువిధా’కు పనిచేశారు. విజయ్‌దాన్ దేథా రాసిన రాజస్థానీ కథ ఆధారంగా తీసిన ఆ చిత్రంలో తెల్లటి గోడలు, ఎర్రటి ఓణీ, కదలకుండా నిలిచిపోయే ముఖాలు చూసినవారికి, తీసిన మనిషి చిత్రకళ నుంచి వచ్చాడని విడిగా చెప్పనక్కరలేదు. అలా మొదలైన ఛాయాగ్రాహకుడికి ఆ రోజుల్లో రెండు దారులు తెరిచి ఉండేవి. ఒకటి అందమైన కళాత్మక చిత్రాలు, రెండోది డబ్బున్న ప్రకటనలు. ఆయన కథాచిత్రాలు మానలేదు, కానీ వృత్తిజీవితంలో బరువైన భాగాన్ని మూడో దారికి ఇచ్చారు.

ఆ దారి పేరు యుగాంతర్. దర్శకురాలు దీపా ధన్‌రాజ్, ఆభా భయ్యా, మీరా రావులతో కలిసి 1980లో ఆయన ఏర్పరచిన చిన్న బృందం అది. మూడేళ్లు మాత్రమే పనిచేసి నాలుగు చిత్రాలు తీసింది. పూణేలో ఇళ్లల్లో పనిచేసే స్త్రీలు 1980లో సమ్మెకు దిగి సంఘం కట్టుకున్న తీరు మీద ‘మోల్‌కరీణ్’, కర్ణాటక సరిహద్దు పట్టణం నిప్పాణిలో పొగాకు కార్ఖానాల స్త్రీల పోరాటం మీద ‘తంబాకు చాకిలా ఊబ్ ఆలీ’, హిమాలయ పాదాల దగ్గర అడవులను కాపాడుకునే చిప్కో ఉద్యమంలో నిలిచిన ఒక స్త్రీ మీద ‘సుదేశా’, హైదరాబాదులో స్త్రీశక్తి సంఘటన అనే స్త్రీవాద బృందంతో కలిసి ‘ఇది కథ మాత్రమేనా’. ఆ ముగ్గురు స్త్రీల మధ్య కెమెరా పట్టిన పురుషుడు ఆయన. ఈ సంగతిని ఎవరూ పెద్దగా పట్టించుకోరు గానీ నేను పట్టించుకుంటాను. స్త్రీల సంఘం సమావేశంలోకి కెమెరాతో పురుషుడు వచ్చాడంటే, మాటల్లో సగం ఆగిపోవడం మనం ఎరిగిన విషయమే. యుగాంతర్ బృందం నేరుగా వెళ్లి తీసుకుని వచ్చే పద్ధతిని వదిలి, కార్మికుల మధ్య నెలల తరబడి ఉండి, ఏం చూపించాలో వారితోనే చర్చించి, తీసిన చిత్రాన్ని తిరిగి అలాంటి స్త్రీల ముందే ప్రదర్శించేది. అలా ఉన్నప్పుడు కెమెరా పట్టిన మనిషి అపరిచితుడిగా మిగలడు. కార్మికులు కెమెరా వైపు చూసే చూపులో బెదురు లేకపోవడం నేర్పుతో వచ్చే ఫలితం కాదు, అక్కడ గడిపిన కాలం తెచ్చిపెట్టే ఫలితం.

ఇక్కడ ఫిల్ము సంగతి కొంత వివరంగా చెప్పాలి, ఎందుకంటే డిజిటల్ కాలంలో పని మొదలుపెట్టినవారికి ఆ ఒత్తిడి ఊహకు అందదు. 16 ఎం.ఎం. ఫిల్ములో 400 అడుగుల రోలు కెమెరాలో సుమారు 11 నిమిషాలు నడుస్తుంది. 100 అడుగుల చిన్న స్పూలైతే మూడు నిమిషాలు కూడా రాదు. రోలు అయిపోగానే మ్యాగజైన్, అంటే కెమెరాకు తగిలించిన ఫిల్ము పెట్టె, మార్చాలి, నల్లటి సంచిలో చేతులు పెట్టి తడుముకుంటూ కొత్త రోలు ఎక్కించాలి. తీసినదేమిటో ల్యాబ్ నుంచి ప్రింటు వచ్చేదాకా తెలియదు. చేతిలో డబ్బు తక్కువ, రోలు ఖరీదు ఎక్కువ. అలాంటి పరిస్థితిలో కెమెరామన్ మాట్లాడుతున్న మనిషిని నిజంగా వినాలి. ఏ మాట దగ్గర ఆమె అసలు విషయానికి రాబోతోందో ముందే పసిగట్టి మోటారు ఆన్ చెయ్యాలి. ఫిల్ము కొరత మంచిదని నేను అనడం లేదు, దానివల్ల ఎన్నో గొంతులు రికార్డు కాకుండా పోయాయి. కానీ వినకుండా తీయడం అప్పట్లో సాధ్యమయ్యేది కాదు. ఇప్పుడు అది సులువుగా సాధ్యమవుతోంది, మన డాక్యుమెంటరీల్లో ఆ తేడా స్పష్టంగా కనిపిస్తోంది.

‘ఇది కథ మాత్రమేనా’ మిగతా మూడింటి వంటిది కాదు. ఇంట్లో భర్త చేతిలో హింస పడే స్త్రీ జీవితాన్ని డాక్యుమెంటరీగా తీయాలంటే ఆ ఇంట్లోకి కెమెరా వెళ్లాలి. వెళితే ఆమెకు ప్రమాదం, వెళ్లినా హింస కెమెరా ముందు జరగదు. అందుకని స్త్రీశక్తి సంఘటన సభ్యులు తమకు తెలిసిన అనుభవాల నుంచి సన్నివేశాలను తామే అల్లుకుని, తామే నటించారు. నలుపు తెలుపులో తీసిన ఆ చిన్న చిత్రం వెలువడిన 1983లోనే, భార్యను భర్త, అత్తింటివారు హింసించడాన్ని నేరం చేసిన 498-ఎ సెక్షన్ భారత శిక్షాస్మృతిలో చేరింది. వరకట్న చావులను స్టవ్ ప్రమాదాలుగా రాసుకుంటున్న రోజులవి. ఛాయాగ్రాహకుడికి అక్కడ ఎదురయ్యే ప్రశ్న తీవ్రమైనది: దెబ్బను చూపించాలా, దెబ్బ తిన్న మనిషి ఒంటరితనాన్ని చూపించాలా? మన సినిమాలు దశాబ్దాలుగా మొదటిదాన్నే ఎంచుకున్నాయి. చెంపదెబ్బకు సౌండు, కిందపడ్డ స్త్రీ మీద పైకోణం, చెదిరిన జుట్టు. ఈ చిత్రం బరువంతా రెండోదాని మీద, అంటే చెప్పుకునే దిక్కులేనితనం మీద, ఆ తరవాత మరో స్త్రీ తోడు దొరకడం మీద ఉంచుతుంది. ఆ ఎంపిక స్త్రీశక్తి సంఘటనది, దీపా ధన్‌రాజ్‌ది. దాన్ని తెర మీద నిలబెట్టే భారం మాత్రం కాంతిదీ, దూరానిదీ, అంటే ఆయనదీ.

తరవాత 1986లో వచ్చిన ‘క్యా హువా ఇస్ షహర్ కో’ మన నగరచరిత్రకు ఆధారపత్రం వంటిది. 1984 ఆగస్టు 16న రామారావు ప్రభుత్వాన్ని బర్తరఫ్ చేసి నాదెండ్ల భాస్కరరావును గద్దె ఎక్కించారు. సెప్టెంబరు 16న రామారావు తిరిగి ముఖ్యమంత్రి అయ్యారు. ఆ నెల రోజుల రాజకీయ గందరగోళంలో హైదరాబాదు మతకలహాలతో అట్టుడికింది. హైదరాబాద్ ఏక్తా అనే శాంతిబృందంతో కలిసి తీసిన ఈ చిత్రంలో రెండు వర్గాల నాయకులు కెమెరా ముందు ధీమాగా మాట్లాడతారు, ఊరేగింపులు సాగుతాయి. కానీ సినిమా మనసు కర్ఫ్యూ పెట్టిన గల్లీల్లో, రోజుకూలి లేక పొయ్యి వెలిగించలేని ఇళ్లలో ఉంటుంది. అల్లర్లను తీసేటప్పుడు కెమెరామన్‌ను మంటలు లాగుతాయి, జనం లాగుతారు, పరుగు లాగుతుంది; టీవీ వార్తలు ఈనాటికీ అక్కడే ఆగిపోతాయి. కలహం చల్లారాక ఒక ఇంటి గడపలో కూర్చున్న ముసలామె మాటలు వినడానికి రోలు మిగుల్చుకోవడం అంటే, కలహం ఎవరి మీద పడిందో కెమెరా పట్టిన మనిషికి ముందే తెలిసి ఉండటం.

ఆయన పనిలో నన్ను ఎక్కువగా కలవరపెట్టేది 1991 నాటి ‘సమ్‌థింగ్ లైక్ ఎ వార్’. కుటుంబ నియంత్రణ కార్యక్రమం మీద దీపా ధన్‌రాజ్ తీసిన ఆ చిత్రం గురించి వాదించుకోకుండా ఈ వృత్తిలో నైతికత గురించి మాట్లాడలేమని నా నమ్మకం. ఎమర్జెన్సీలో, 1976-77 ఒక్క సంవత్సరంలోనే, దేశంలో 80 లక్షలకు పైగా పిల్లలు పుట్టకుండా చేసే స్టెరిలైజేషన్ ఆపరేషన్లు జరిగాయి. వాటిలో ఎక్కువ భాగం పురుషులకు చేసిన వేసెక్టమీలు. పురుషుల ఆగ్రహం ఎన్నికల్లో ప్రభుత్వాన్ని పడగొట్టాక, ఆ లక్ష్యాల భారమంతా స్త్రీల ఒంటి మీదికి మళ్లింది. సినిమాలో ఒక శిబిరం ఉంది. ల్యాపరోస్కోపీలో, అంటే పొట్టకు చిన్న గాటు పెట్టి గొట్టం పంపి చేసే ఆపరేషన్‌లో, పేరు మోసిన వైద్యుడు తన వేగం గురించి గర్వంగా చెబుతుంటాడు, ఒక్కో ఆపరేషన్‌కు నిమిషం కూడా పట్టదంటాడు. ఆ మాటలు వింటూనే మనం బల్ల మీద నొప్పి ఓర్చుకుంటున్న స్త్రీలను చూస్తాం.

ఆ స్త్రీని అలా చూపించే హక్కు కెమెరాకు ఎక్కడిది? వైద్యుడు మాట్లాడటానికి ఒప్పుకున్నాడు, సరే. బల్ల మీదికి ఎక్కించిన గ్రామీణ స్త్రీని ఆపరేషన్ గురించే సరిగా అడగని చోట, సినిమా గురించి ఆమె ఇచ్చే అనుమతికి అర్థమేమిటి? ఈ ప్రశ్నను తేలిగ్గా కొట్టిపారేసేవారితో నాకు పేచీ ఉంది. సాక్ష్యం అవసరం కాబట్టి ఏదైనా తీయవచ్చన్న మాట నేను ఒప్పుకోను. అయినా ఆ చిత్రీకరణ న్యాయమైనదేనని చివరకు నేను నిలబడటానికి కారణం, అదే సినిమాలోని రెండో స్థలం. అక్కడ రాజస్థాన్ పల్లె స్త్రీలు గుంపుగా కింద కూర్చుని, స్త్రీ దేహం బొమ్మ గీసుకుని, ముట్టు గురించి, కోరిక గురించి, కాన్పు గురించి, తమకు ఏం కావాలో ఏం వద్దో తమ మాటల్లో చెప్పుకుంటారు. కెమెరా ఆ గుంపులో ఒకరి ఎత్తుకు దిగి కూర్చుంటుంది. శిబిరంలో దేహం ఒక అంకె. ఇక్కడ దేహం తన గురించి తానే మాట్లాడుతుంది. ఈ రెండో భాగం లేకుండా మొదటి భాగం మాత్రమే తీసి ఉంటే, కెమెరా కూడా ఆ వైద్యుడి పక్కన నిలబడి స్త్రీలను లెక్కపెట్టినట్టే అయ్యేది. నా ఇబ్బంది పూర్తిగా పోయిందని మాత్రం చెప్పను; అది పోకపోవడమే సరైనదని కూడా అనుకుంటున్నాను.

ఆ దృశ్యాలకు కాలం చెల్లిందనుకుంటే పొరపాటు. 2014 నవంబరులో ఛత్తీస్‌గఢ్‌లోని బిలాస్‌పుర్ దగ్గర ఒకే వైద్యుడు కొన్ని గంటల్లో 83 మంది స్త్రీలకు ఆపరేషన్లు చేసిన తరవాత పదిమందికి పైగా చనిపోయారు. 2016లో సుప్రీంకోర్టు మూడేళ్లలోగా ఇలాంటి సామూహిక శిబిరాలు ఎత్తివేయమని చెప్పింది. 2022 ఆగస్టులో హైదరాబాదు దగ్గరి మన ఇబ్రహీంపట్నంలో ఒక్కరోజులో 34 మందికి కుటుంబ నియంత్రణ ఆపరేషన్లు చేస్తే నలుగురు తల్లులు చనిపోయారు. ఆ వార్త చదివిన రోజు నేను 1991 నాటి ఆ బల్లనే తలచుకున్నాను. ఇబ్రహీంపట్నం మీద మనకు గంటల కొద్దీ టీవీ ఫుటేజి ఉంది, ఆసుపత్రి గేటు ముందు ఏడుపులు ఉన్నాయి, మైకుల తోపులాట ఉంది. ఆ స్త్రీలు తమ దేహాల గురించి కూర్చుని మాట్లాడుకున్న పది నిమిషాలు నాకెక్కడా కనబడలేదు.

నాకు తెలిసిన ఉదాహరణ ఒకటి చెబుతాను. కొన్నేళ్ల కింద ఒక స్వచ్ఛంద సంస్థ కోసం, అప్పులపాలై ఆత్మహత్య చేసుకున్న కౌలురైతు ఇంటికి షూటింగ్‌కు వెళ్లాం. గోడకు దండ వేసిన ఫొటో ఉంది. ఆయన భార్య ఆ ఫొటో దించి, తుడిచి, ఒళ్లో పెట్టుకోవడం ఒకసారి తీశాం. సమన్వయకర్తకు అది చాలలేదు. కన్నీరు సరిగా పడలేదని మళ్లీ చేయించమన్నాడు. ఆమె లేచి నిలబడి, కొంగుతో ముఖం తుడుచుకుని, “ఫొటో మల్ల దించాల్నా సారూ?” అని మామూలు గొంతుతో అడిగింది. నేను ట్రైపాడ్ కాళ్లు కుదించి నేల మీద కూర్చుని, అక్కర్లేదమ్మా, మీరు చెప్పదలుచుకున్నది చెప్పండి అన్నాను. ఆమె లోపలికి వెళ్లి ప్లాస్టిక్ కవరు తెచ్చింది. అందులో ఎరువుల దుకాణం చీటీలు, వడ్డీ వ్యాపారి రాసిచ్చిన కాగితం, పిల్లల ఆధార్ కార్డులు ఉన్నాయి. ఒక్కొక్కటీ నేల మీద పేర్చి, “భూమి మాది కాదు, పాసుబుక్కు లేదు, గందుకే బీమా రాలే” అంది. పట్టాదారు పాసుపుస్తకం ఉన్నవారికే వర్తించే రైతుబీమాలో కౌలుదారుకు చోటు లేదన్న విధానలోపాన్ని అంతకంటే సూటిగా ఏ నిపుణుడూ నాకు చెప్పలేదు. ఎడిటింగ్‌లో ఆ కాగితాలు పోయాయి, ఫొటో దించడం మిగిలింది. కెమెరామన్‌కు ఎడిటింగ్ మీద అధికారం లేదు కాబట్టి అతని నైతికత లెక్కలోకి రాదని వాదించేవారికి నా సమాధానం ఒకటే: ఫుటేజిలో ఆ కాగితాలు లేకపోతే, ఎంత గొప్ప ఎడిటరైనా వాటిని తెర మీదికి తేలేడు.

అమెరికాలో హాస్కెల్ వెక్స్‌లర్ (1922–2015) జీవితం మరో కోణం చూపుతుంది. రెండు ఆస్కార్లు గెలిచిన ఆ ఛాయాగ్రాహకుడు పౌరహక్కుల ప్రదర్శనల నుంచి వియత్నాం యుద్ధం దాకా సొంత పూనికతో డాక్యుమెంటరీలు తీశాడు. కథాచిత్రంలో కూడా ఆయన స్పృహ కాంతిలోనే కనిపిస్తుంది: 1967లో ‘ఇన్ ది హీట్ ఆఫ్ ది నైట్’కు పనిచేస్తూ, తెల్లని చర్మానికి అలవాటుపడిన లైటింగు నల్లజాతి నటుడు సిడ్నీ పోయిటియర్ ముఖం మీద వెలుగుమచ్చలు పెడుతోందని గమనించి దాన్ని తగ్గించాడు. మన పల్లెల్లో ఎండలో మాట్లాడే చామనఛాయ ముఖాలను తీసే ప్రతివారికీ ఇది రోజూ ఎదురయ్యే సమస్యే. వెనకున్న తెల్లగోడకు ఎక్స్‌పోజర్ పెట్టేసి మనిషిని చీకట్లో వదిలేసిన ఇంటర్వ్యూలు ఎన్ని చూడలేదు! 1997లో 19 గంటలు షూటింగు చేసి ఇంటికి కారు నడుపుకుంటూ వెళ్తున్న ఒక అసిస్టెంట్ కెమెరామన్ నిద్రపట్టి ప్రమాదంలో చనిపోయాక, వెక్స్‌లర్ 12 గంటల పని, 12 గంటల విరామం కోసం ఉద్యమించి, 2006లో ఆ పనివేళల మీదే ఒక డాక్యుమెంటరీ విడుదల చేశాడు. కార్మికుల కష్టం మీద సినిమా తీస్తూ తన లైట్‌బాయ్‌కు రాత్రి నిద్ర లేకుండా చేసేవారిని నేను దగ్గరగా చూశాను కాబట్టి, ఈ పనిని ఆయన ఆస్కార్ల పక్కనే పెడతాను.

ఇలాంటి వృత్తిజీవితానికి కూడు ఎలా అన్న ప్రశ్న న్యాయమైనది. డాక్యుమెంటరీ కెమెరాతోనే ఇల్లు గడవదు. వెక్స్‌లర్ ప్రకటనలు తీశాడు, కాంట్రాక్టర్ కథాచిత్రాలకు పనిచేశారు. అది రాజీపడటమని నేను అనుకోను. డబ్బు ఒకచోట సంపాదించి కాలాన్ని ఇంకోచోట ఖర్చుపెట్టడంలో తప్పేముంది? అడగవలసింది, ఆ కాలం ఎవరి దగ్గర ఖర్చయిందన్నది.

యుగాంతర్ నాలుగు చిత్రాలను బెర్లిన్‌లోని ఆర్సెనల్ అనే సినిమా సంస్థ డిజిటల్‌గా పునరుద్ధరించింది. తెలుగు స్త్రీలు తెలుగులో మాట్లాడిన సినిమా బాగుపడటానికి బెర్లిన్ దాకా వెళ్లవలసి రావడం గురించి ఎంతైనా రాయవచ్చు, ఇప్పుడది పక్కన పెడతాను. హైదరాబాదులో ఛాయాగ్రహణం నేర్పే సంస్థలు ఈ చిత్రాలను సామాజిక సమస్యల పాఠంగా కాకుండా కెమెరా పాఠంగా చూపించాలి. ముందు ‘సమ్‌థింగ్ లైక్ ఎ వార్’లోని శిబిరం, వెంటనే స్త్రీలు గుంపుగా కూర్చున్న భాగం ధ్వని తీసేసి వెయ్యాలి. లెన్సు ఎంత ఎత్తులో ఉంది, మనిషికి ఎంత దూరంలో ఉంది, ఎవరు మాట్లాడుతుంటే ఎవరి మీద నిలిచింది అని విద్యార్థుల చేత రాయించాలి. ఆ తరవాత వాళ్లు తాము తీసిన ఇంటర్వ్యూ ఒకటి పెట్టి, అవే ప్రశ్నలకు జవాబులు రాయాలి.